పసిపిల్ల ఏడ్చిన ప్రింటు

సినిమా మొత్తం తీసేస్తే మిగిలింది ఒక మగమనిషి ఏడుపు.

"ఆపకండి మేడమ్, ఆపకండి!" అంటూ హిమబిందు చేతిలోని దూది బల్లమీద పడేసి యంత్రం దగ్గరికి పరిగెత్తింది.

తెరమీద హీరో లేడు, పాట లేదు, కామెడీ లేదు. ఎప్పుడో ఎవడో హాల్లో కెమెరా దాచుకుని దొంగతనంగా తీసిన సీడీ అది. అందులోంచి సినిమాని వడకట్టి అవతల పారేస్తే హాలు మిగిలింది. మసక చీకట్లో తలకాయల వరసలు. కుర్చీ కిర్రుమన్న చప్పుడు. "సమోసా, సమోసా" అని ఒక కేక. మూడొందలమంది ఒక్కసారి విరగబడి నవ్విన నవ్వు. ఆ నవ్వు కింద, ఎడమపక్కనెక్కడో, ఒకాయన వెక్కివెక్కి ఏడుస్తున్నాడు.

"నవ్వే సీన్లో ఏడుస్తాడేంటి మేడమ్ ఈయన?"

డాక్టర్ ఎస్తేరు రాణి ఆరేళ్లుగా ఆ యంత్రాన్నే కనిపెట్టుకుని ఉన్న మనిషి. కళ్లజోడు తీసి పైట కొంగుతో తుడిచింది, మళ్లీ పెట్టుకుంది, మళ్లీ తీసింది.

"పనిచేసింది బిందూ," అంది. "జల్లెడ పనిచేసింది!"

ఇద్దరూ చేతులు పట్టుకుని చిన్నపిల్లల్లా గెంతారు. గెంతడం అయ్యాక ఆవిడ బొత్తాం నొక్కి ఆ ఏడుపుని చెరిపేసింది. "పాపం, చీకట్లో ఎవరూ చూడరని ఏడ్చుకున్నాడు. ఆయన టికెట్టు కొన్నది మనకి వినిపించడానికి కాదుగా."

విజయవాడలో ఒక ఇంజనీరింగు కాలేజీ వెనకాల, పాత క్యాంటీను గదిలో ఉంది వాళ్ల ల్యాబు. హిమబిందు ఇంటర్ మొదటి ఏడుతోనే చదువు మానేసింది. అయినా ఎస్తేరు మేడమ్ ఆమెని ఏరి కోరి పెట్టుకుంది. ఉద్యోగం అడగడానికి వచ్చిన రోజున బల్లమీద అయిదు సీడీలు బోర్లించి పెడితే, అడుగు రంగు చూసి, అంచు గోటితో గీకి, "ఇది ఆకుపచ్చది, తొందరగా పాడవుతుంది. ఇది బంగారు రంగు, ఖరీదైన సరుకు. ఇది ఆరు సినిమాల డీవీడీ, బొమ్మ చుక్కలు చుక్కలుగా వస్తుంది," అని గడగడా చెప్పేసింది. వీడియో షాపులో పాకుతూ పెరిగిన పిల్ల మరి.

కాపీ కొట్టిన ప్రతిసారీ సినిమా కాస్త సన్నబడుతుందని ఆమెకి చిన్నప్పటినుంచీ తెలుసు. ఎందుకు సన్నబడుతుందో మేడమ్ చెప్పాకే తెలిసింది. పెద్ద చప్పుడు కింద చిన్న చప్పుడు ఎవరికి వినబడుతుందిలే అని కంప్యూటరు దాన్ని తీసి పారేస్తుంది, చోటు కలిసొస్తుందని. క్యాసెట్టు పోయి సీడీ వచ్చింది, సీడీ పోయి డీవీడీ, డీవీడీ పోయి పెన్‌డ్రైవు, ఆ తరవాత మెమరీ కార్డు, ఇప్పుడు ఫోన్లోనే అన్నీ. మారినప్పుడల్లా హాల్లో మనుషులు కొందరు రాలిపోతూ వచ్చారు. ఒక దగ్గు, ఒక గుసగుస, ఒక ఈల. అందుకే జల్లెడకి మొట్టమొదటి కాపీ కావాలి. బూజు పట్టినా, గీతలు పడినా ఫర్వాలేదు. సీడీ లోపలి రంగుపొరని వెలుతురుతో కాల్చుకుంటూ అడుగంటా చదువుతుంది. చదవడం ఒక్కసారే. అయ్యేసరికి సీడీ నల్లటి రేకు.

ఆ మధ్యాహ్నమే పట్టాభిరామ్ వచ్చాడు. యంత్రానికి కావలసినవన్నీ ఇస్తున్న నిర్మాతల సంఘం తరఫు మనిషి. పరీక్షకని ముందే ఇచ్చిన ఒక్కటి తప్ప సినిమాల అసలు ప్రతులన్నీ ఆయన దగ్గర సీలు వేసిన పెట్టెలో ఉంటాయి. అవి లేకపోతే దేన్నుంచి దేన్ని తీసెయ్యాలో జల్లెడకి తెలియదు.

"ఇంక అసలు పని మొదలెడదాం," అన్నాడాయన కుర్చీ లాక్కుని. "నాకు పసిపిల్ల ప్రింటు కావాలి."

ఎస్తేరు మేడమ్ ఫక్కున నవ్వింది. "అయ్యో, అది నేనూ చూశానండీ హాస్టల్లో! క్లైమాక్సులో తల్లి హీరో ఒళ్లో ప్రాణం విడుస్తుంటే వెనకాల ఎవరి పిల్లో క్యార్ క్యార్మని... మేమంతా ఏడవాల్సింది పోయి పడీపడీ నవ్వాం."

"అందరూ నవ్వారు." ఆయన మాత్రం నవ్వలేదు. "ఆ సినిమా తీసింది మా పెదనాన్న. విడుదలైన నాలుగో రోజుకి ఊరూరా సీడీలు. ఇంకో సినిమా తియ్యలేదాయన. పక్కింట్లో పిల్ల ఏడ్చినా ఉలిక్కిపడి లేచేవాడు, పోయేదాకా. పెళ్లాం పిల్లల్తో వచ్చినవాడే తీశాడు, అంతవరకూ తెలుసు. నాకు వాడి పేరు కావాలి. పేపర్లో వేయిస్తాను. అంతే."

"పిల్ల ఏడుపున్న సీడీలు ఇప్పుడెక్కడా లేవుగా. తరవాతవన్నీ మంచి సౌండుతో ఉన్నవే," అంది హిమబిందు.

"మూడు సీడీల సెట్టది. మూడోది చాలు. వెతకండి. ఏమ్మా, మీది ఏలూరేగా? అక్కడే పుట్టింది ఆ ప్రింటు."

హిమబిందు హుషారుగా తలూపింది. "మా నాన్నని అడుగుతానండీ. ఆయనకి తెలియని సీడీ లేదు."

*

ఇంటికొచ్చేసరికి ఇంకా ఎండ ఉంది. రెండున్నరేళ్ల కూతురు గుమ్మంలోనే కనబడింది. చెప్పులైనా విప్పకుండా దాని నుదురు పట్టి చూసింది, చేతులు వాసన చూసింది, "అన్నం తిందా? దగ్గిందా?" అని అడిగింది. పిల్లకి ఇంకా మాటలు సరిగా రాలేదని ఆమె బెంగ. పక్కింటావిడ ఊరుకోదుగా, "మాట్లాడని అమ్మమ్మ దగ్గర వదిలేసి పోతే మాటలెలా వస్తాయమ్మా," అంటుంది.

అమ్మమ్మ, అంటే హిమబిందు తల్లి మంగతాయారు, వంటింట్లోంచి స్టీలు గ్లాసుమీద గరిటెతో ఒక్కసారి కొట్టింది. ఒకటి కొడితే రా. రెండు కొడితే వద్దు. వరసగా కొడితే కోపం. గొంతులో పుండు పడి ఆపరేషన్ అయ్యేనాటికి ఆవిడకి ఇరవై మూడు. హిమబిందుకి ఏడాది నిండి రెండు నెలలు. తల్లి గొంతు ఎలా ఉంటుందో ఆమెకి తెలియదు. పెళ్లి క్యాసెట్టు ఉందిగానీ, అందులో ఆ వీడియో అబ్బాయి మొదటినుంచి చివరిదాకా సినిమా పాటలే అతికించాడు. ఒక్క మాటా లేదు.

తండ్రి కోటిలింగం డ్యూటీకి బయల్దేరుతున్నాడు. వీడియో షాపు ఎప్పుడో మూసేశాడు. ఇప్పుడు ఊళ్లో పెద్ద సినిమాహాల్లో గేటు దగ్గర టికెట్లు చింపే పని. "కోటిలింగం ఉన్నాడంటే ఒక్క ఫోనైనా పైకెత్తి వీడియో తియ్యలేరు," అని యజమాని నలుగురిలో మెచ్చుకుంటాడు.

"నాన్నా! పసిపిల్ల ప్రింటు గుర్తుందా? దాని మూడో సీడీ కావాలి. యంత్రం పనిచేసింది నాన్నా! ఆ హాల్లో ఎవరెవరు ఏం మాట్లాడుకున్నారో అన్నీ వినబడతాయి. ఆ పిల్లనెత్తుకుని తీసుకొచ్చిన మనిషి పేరు కూడా..."

కోటిలింగం చొక్కా బొత్తాం పెట్టుకుంటున్న చెయ్యి ఆగిపోయింది.

"దొరకదులే," అన్నాడు. "అందరూ పారేసుంటారు."

వంటింట్లో గ్లాసు రెండుసార్లు మోగింది. మళ్లీ రెండుసార్లు. మంగతాయారు చెయ్యి తుడుచుకుంటూ వచ్చింది, మంచం కింది ట్రంకు పెట్టె లాగింది. కర్పూరం వాసన వేసే పసిపిల్ల గుడ్డ ఒకటి తీసి మడతలు విప్పింది. లోపల ఒక సీడీ. అడుగు ఆకుపచ్చ, అంచున బూజు. పైన నల్ల స్కెచ్‌పెన్నుతో "3".

"ఇది... ఇది నీ దగ్గరెందుకుంది అమ్మా?"

తల్లి ఆ గుడ్డని కూతురి చెంపకి ఆనించింది. తరవాత వేలితో ఆమె గుండెమీద పొడిచి చూపించింది. నువ్వే.

హిమబిందు ఆ గుడ్డ లాక్కుంది. "నేనా? ఆ ఏడ్చింది నేనా?"

కోటిలింగం గోడకి చేరగిలబడ్డాడు. "పాలసీసా ఉన్న సంచిని గేటు దగ్గర ఎవరూ వెతకరు కదే," అన్నాడు నేలచూపులు చూస్తూ. "కెమెరా అందులో పెట్టాను. మీ అమ్మ నిన్నెత్తుకుని పక్కన కూచుంది. క్లైమాక్సు దాకా బంగారంలా పడుకున్నావు. ఫైటింగు మొదలయ్యేసరికి లేచావు. మీ అమ్మ అడుగుతూనే ఉంది, పిల్లని బయటికి తీసుకెళ్దామని. నేను కదలనివ్వలేదు. కెమెరా తిరుగుతున్నంతసేపూ నోరు విప్పను, అది నా రూలు. చెయ్యి పట్టుకుని కూచోబెట్టేశాను."

"మరి తరవాతి సీడీల్లో ఏడుపు..."

"నేనే తీసేశాను. ఏడుపు చిరాగ్గా ఉందని కస్టమర్లు వెనక్కిచ్చేస్తుంటే, మంచి సౌండు తెప్పించి అతికించాను. పాతవి ఒక్కటి మిగలకుండా తెప్పించి ఈ చేతుల్తోనే విరగ్గొట్టాను. ఆ ఏడుపు పక్కనే మీ అమ్మ గొంతుందని అప్పుడు తట్టలేదు. మరుసటేడుకి గొంతే ఉండదని నాకేం తెలుసే?"

హిమబిందు సీడీకేసి వంగింది. ఆ పచ్చటి బిళ్లలో అమ్మ మాట్లాడుతోంది! ఇరవై అయిదేళ్లుగా ఈ మంచం కిందే మాట్లాడుతోంది! సీడీని రెండు చేతుల్తో గాజుగిన్నెలా పట్టుకుంది. మరుక్షణం ఇంకో సంగతి తట్టి నీరుగారిపోయింది. అసలు ప్రతి పట్టాభి గారి పెట్టెలో ఉంది. ఆయన ఎదురుగా కూచోకుండా పెట్టె సీలు తియ్యడు. అమ్మ గొంతు వినాలంటే ఆయనా వినాలి.

"కోపంలో ఏమందో నాకు గుర్తులేదు," అన్నాడు కోటిలింగం. "పేరందో, షాపు పేరందో. పేపర్లో పడితే గేటు దగ్గర నన్నెవరు నిలబడనిస్తారు?"

ఆ మాటకి మంగతాయారు మొగుడికేసి వింతగా చూసింది. భుజాలు కదిలేలా, చప్పుడు లేకుండా నవ్వింది. పలక తీసుకుని రాసింది, "నేను వస్తాను. రేపే."

*

పొద్దున పాసింజరులో తల్లీ కూతురూ మనవరాలూ బయల్దేరారు. దారిపొడుగునా హిమబిందు సీడీని తడుముకుంటూనే ఉంది, పిల్ల కిటికీలోంచి చెయ్యి పెడుతుందేమోనని వెనక్కి లాగుతూనే ఉంది. ల్యాబులో అందరికీ అబద్ధం చెప్పింది, పాత సామాన్ల బజార్లో దొరికిందని. మా అమ్మకి యంత్రం చూడాలని సరదా అంది.

"మాట్లాడరా ఈవిడ?" అన్నాడు పట్టాభిరామ్, మంగతాయారు నమస్కారం పెడితే. "మంచిదే. ఇక్కడ విన్నది బయటికి పోదు."

హిమబిందు సీడీ కడగడానికి కూచుంది. దూదితో మధ్యనుంచి అంచుకి, ఎప్పుడూ గుండ్రంగా తిప్పకూడదు. ఇంకొక్క క్షణం ఆగి, చెయ్యి జారిందని కింద పడేస్తే? విరిగిపోతే? నాన్న ఉద్యోగం నిలబడుతుంది. అమ్మ గొంతు పోతుంది. యంత్రం అద్దపు మూతలో తల్లి కనబడింది, మనవరాలిని ఒళ్లో పెట్టుకుని, సినిమాకొచ్చిన దానిలా నిటారుగా కూచుని, కళ్లు మెరుస్తూ.

సీడీ పళ్లెంలోకి వెళ్లింది. మూత పడింది.

ఊదారంగు వెలుతురు అంచునుంచి లోపలికి కాల్చుకుంటూ పోతుంటే సన్నటి పొగ, ప్లాస్టిక్కు వాసన. తెరమీద క్లైమాక్సు. ఎస్తేరు మేడమ్ ఒక మీట జరిపింది, సంగీతం పోయింది. ఇంకొకటి, డైలాగులు పోయాయి. హీరో నోరు తెరిచి ఉత్తుత్తినే అరిచాడు, తరవాత ఆయనా కరిగిపోయాడు. హాలు తేలింది. ఈలలు. ఫ్యాన్ల రొద. అందరికీ తెలిసిన ఆ క్యార్ క్యార్.

"ఇప్పుడు దీన్ని పక్కకి జరుపుతాను," అంది మేడమ్.

ఏడుపు పక్కకి తప్పుకుంది. దాని వెనకనుంచి ఒక ఆడమనిషి గొంతు, సన్నగా, గోదారి సాగదీతతో, ఇక్కడే కూచుని మాట్లాడుతున్నట్టు:

"ఏవండీ... ఏవండోయ్, మిమ్మల్నే. పిల్ల గుక్కపట్టి ఏడుస్తోంది, వినబడట్లా? ఊరుకో, ఊరుకో, ఏడవకే నా తల్లీ, అయిపోయిందే ఫైటింగు, ఇదిగో చచ్చాడు ఆ మీసాలోడు... చెయ్యొదలండి. వదలండంటుంటే! ఏం మనిషండీ మీరు? మీకు బొమ్మ కావాలి, నాకు పిల్ల అక్కర్లేదా? ఆ సంచీలో ఉన్నదానికి ఇచ్చే విలువ సంకలో ఉన్నదానికి ఇవ్వరే!"

హిమబిందు రెండు చేతులూ నోటికి అడ్డం పెట్టుకుంది. ఇదా! ఇలాగా ఉండేది! గ్లాసుమీద గరిటె కొట్టే ఆ కోపం, ఆ విరుపు, అన్నీ ఈ గొంతులోవే!

"పేరు," అన్నాడు పట్టాభిరామ్ ముందుకు వంగి, పెన్ను పట్టుకుని. "చెప్పమ్మా, పేరు చెప్పు."

"ఇదిగో, నేను లేస్తున్నా. ఏవండీ, పలకరేం? నోట్లో ఏముంది, కిళ్లీనా? ఇంటికి రండి చెబుతాను..."

నాలుగు నిమిషాల పదకొండు సెకన్లు. ఏవండీ పద్దెనిమిది సార్లు. ఏవండోయ్ ఆరు. మిమ్మల్నే, ఇదిగో, మహానుభావా. వెలుతురు మధ్యకొచ్చి ఆరిపోయింది. పళ్లెంలో నల్లటి రేకు.

"ఒక్కసారైనా మొగుడి పేరు చెప్పదేంటండీ ఈవిడ!" పట్టాభిరామ్ పెన్ను బల్లమీద కొట్టాడు.

ఎస్తేరు మేడమ్ హిమబిందు మొహం చూసింది, మంగతాయారు గొంతుమీదున్న మచ్చ చూసింది. అర్థమైపోయింది. "మీ ఆవిడ మిమ్మల్ని పేరు పెట్టి పిలుస్తారాండీ?" అని మాత్రం అడిగింది.

"పిలవదు," అని ఒప్పుకున్నాడాయన.

అప్పటికి హిమబిందుకి తల్లి నవ్వెందుకో తెలిసింది. మొగుడి పేరు ఒక్కనాడూ పలికి ఎరగదు ఆ మనిషి. గొంతున్న రోజుల్లో ఓటరు కార్డు రాసేవాళ్లకి కూడా పక్కింటావిడ చేత చెప్పించింది. ఆ సంగతి ఆవిడకి గుర్తుంది, కంగారులో మొగుడికే గుర్తులేదు. బయటపడ్డాం అనుకుంటూ తల్లి చెయ్యి పట్టుకుంది.

"కోటిలింగం," అని గుమ్మంలోంచి వినబడింది. "రాసుకోండి."

వాళ్ల వెనకాలే బస్సెక్కి వచ్చినట్టున్నాడు. ఎంతసేపట్నుంచి నిలబడి విన్నాడో, చొక్కా ముందంతా తడిసి ఉంది.

పట్టాభిరామ్ ఆయన్ని చూశాడు, మంగతాయారుని చూశాడు. చివరికి అడిగిన మాట వేరు.

"ఆ పిల్ల?"

"నేనేనండీ," అంది హిమబిందు.

ఆయన ఆమెకేసి తిరిగాడు. "మా పెదనాన్న అడుగుతుండేవాడు. అంతసేపు ఏడ్చిందే, ఏమన్నా జబ్బేమో, బతికిందో లేదో అని." పెన్ను జేబులో పెట్టుకుని కోటిలింగంవైపు తిరిగాడు. "ఇరవై అయిదేళ్లు మొహం తెలియకుండా తిట్టుకున్నానయ్యా నిన్ను. యంత్రం చెప్పిన పేరే పేపర్లో వేయిస్తానన్నాను, యంత్రం చెప్పలేదు. కానీ సినిమాహాలు గుమ్మంలో మాత్రం నువ్వు నిలబడకూడదు. రేపట్నుంచి మానెయ్."

"అలాగేనండి," అన్నాడు కోటిలింగం.

*

నాలుగు నిమిషాల పదకొండు సెకన్లు చాలునంది ఎస్తేరు మేడమ్. ఆ గొంతుని కంప్యూటరుకి నేర్పితే, ఏం రాసినా అదే గొంతుతో పలికే పెట్టె చెయ్యొచ్చట. మూడువారాలు పట్టింది. అరచేతిలో పట్టే నల్లటి డబ్బా, దానికి ఫోను తగిలించాలి.

ఆ ఆదివారం పొద్దున అందరూ ఇంట్లో ముందుగదిలో చేరారు. ఉద్యోగం మానేసినప్పటినుంచీ పేపరు వెనక దాక్కుంటున్న కోటిలింగం కూడా పేపరు మడిచి ఉతికిన చొక్కా వేసుకొచ్చాడు. "ఏమంటుందంటావే?" అని కూతుర్ని గుసగుసగా అడిగాడు. "ఏవండీ అంటుంది, ఇంకేమంటుంది," అంది హిమబిందు. అనడమేగాని ఆమె కూడా తల్లి వేళ్లకేసే చూస్తోంది.

మంగతాయారు తొందరపడలేదు. ఒక్కో అక్షరం వెతుక్కుంటూ నొక్కుతోంది. ఈలోగా పిల్ల గడప తట్టుకుని బోర్లా పడి క్యార్మంది. హిమబిందు లేవబోయింది. తల్లి చెయ్యెత్తి ఆపింది, రాసినదంతా చెరిపేసి మళ్లీ రాసింది, నొక్కింది.

ఇరవై రెండేళ్ల గొంతు, గోదారి సాగదీతతో, ఇల్లంతా వినబడేలా పలికింది:

"కోటిలింగం గారూ! పిల్ల ఏడుస్తోంది. ఎత్తుకోండి."

పేపరు కింద పడేసి ఆయన పరిగెత్తాడు.